కుటుంబ ఇబ్బందులతో బదిలీ కోరే ప్రభుత్వ ఉద్యోగులు: తరచుగా అడిగే ప్రశ్నలు

ఇది ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగుల కోసం, ఈ రెండు రాష్ట్రాల్లో పనిచేసే కేంద్ర ఉద్యోగుల కోసం రాసింది. రాష్ట్రాల్లో బదిలీల నిబంధనలు ఏ ఏడాది జీఓ ఆ ఏడాదిదే. కాబట్టి ఇక్కడ చదివింది ఆధారంగా పెట్టుకుని, దరఖాస్తు చేసే ముందు ఆ సంవత్సరం జీఓను మొదటి పేజీ నుంచి చివరి అనుబంధం దాకా చదవండి. వాట్సాప్ గ్రూపులో ఎవరో పెట్టిన సారాంశం చదివి దరఖాస్తు పెట్టి నష్టపోయినవాళ్లు చాలామంది ఉన్నారు.

ఇంట్లో కష్టం ఉంది కాబట్టి బదిలీ ఇవ్వాల్సిందే అనే హక్కు నాకు ఉందా?

అడిగే హక్కు ఉంది. అడిగినదాన్ని నిబంధనల ప్రకారం పరిశీలించమనే హక్కూ ఉంది. ఫలానా ఊరే ఇచ్చి తీరాలనే హక్కు మాత్రం లేదు.

సుప్రీంకోర్టు ఈ మాట చాలాసార్లు చెప్పింది. 1991లో శిల్పీ బోస్ కేసులో, బదిలీకి వీలున్న పోస్టులో ఉన్నవారికి ఒకే చోట ఉండిపోయే హక్కు ఉండదంది. 1993లో అబ్బాస్ కేసు వచ్చింది. షిల్లాంగ్‌లో పనిచేసే ఒక కేంద్ర ఉద్యోగిని దూరప్రాంతానికి బదిలీ చేశారు. భార్య ఉద్యోగం షిల్లాంగ్‌లోనే, పిల్లల చదువులూ అక్కడే. భార్యాభర్తల్ని వీలైనంతవరకు ఒకే చోట ఉంచాలన్న మార్గదర్శకాలు ఉన్నా, అవి కోర్టులో పట్టుబట్టి సాధించుకునే హక్కును ఇవ్వవని తీర్పు వచ్చింది. 2021లోనూ ఇంచుమించు ఇదే ధోరణి.

2022 మార్చిలో మాత్రం కాస్త మెత్తని గాలి వీచింది. కస్టమ్స్, జీఎస్టీ శాఖలో ఒక కమిషనరేట్ నుంచి ఇంకో కమిషనరేట్‌కు బదిలీలు ఆపేసిన నిర్ణయాన్ని కోర్టు సమర్థించింది. అయితే భార్యాభర్తల పోస్టింగులు, వికలాంగుల అవసరాలు, మానవతా కారణాలు లెక్కలోకి వచ్చేలా ఆ విధానాన్ని మళ్లీ చూడమని ప్రభుత్వానికి చెప్పింది. కుటుంబ జీవితం కూడా రాజ్యాంగం 21వ అధికరణం కాపాడే గౌరవంలో భాగమేనని, ఉద్యోగంలో చేరినంత మాత్రాన అది పోదని ఆ తీర్పు సారం. మీ కేసు కోర్టు దాకా వెళ్తే మీ లాయరు మొదట తీసే తీర్పుల్లో ఇదొకటి.

అసలు ఏ కారణాలకు విలువ ఉంటుంది?

స్పౌజ్ కేసు (భార్యాభర్తలిద్దరూ ఉద్యోగులై వేర్వేరు చోట్ల ఉండటం), ఉద్యోగికి జీఓలో చెప్పిన శాతానికి తగ్గని వైకల్యం, మానసిక వైకల్యం ఉన్న పిల్లలు, క్యాన్సర్, ఓపెన్ హార్ట్ సర్జరీ, న్యూరో సర్జరీ, కిడ్నీ మార్పిడి లాంటి పెద్ద జబ్బులు, భర్త చనిపోయి కారుణ్య నియామకం కింద చేరిన మహిళలు, ఏజెన్సీ ప్రాంతంలో గడువు పూర్తిచేసినవారు. రాష్ట్ర జీఓల్లో ప్రాధాన్య వర్గాలుగా దాదాపు ఎప్పుడూ కనిపించేవి ఇవి. కేంద్రంలో స్పౌజ్, వైకల్యం ఉన్న కుటుంబ సభ్యుల సంరక్షణ, వైద్య కారణాలు ప్రధానం.

జీఓలో పేరు లేని కష్టాలు కూడా కష్టాలే. అత్తమామలు ఒంటరిగా ఉన్నారు, పిల్లవాడు పదో తరగతి, సొంత ఇల్లు అక్కడ ఉంది, ఈఎంఐ కడుతూ ఇక్కడ అద్దె కట్టలేకపోతున్నాను. వీటిని రాయొద్దని ఎవరూ అనరు. కానీ సెక్షన్‌లో ఫైలు చూసే సూపరింటెండెంట్‌కు మీ కేసు ఏ క్లాజు కింద పడుతుందో రాయాల్సిన పని ఉంటుంది. క్లాజు లేకపోతే మీది సాధారణ రిక్వెస్ట్ కిందకు వెళ్తుంది, అక్కడ సర్వీసు ఎక్కువ ఉన్నవారిదే పైచేయి. పిల్లల చదువు విషయం బదిలీ రావడానికి పెద్దగా పనికిరాదు. విద్యాసంవత్సరం మధ్యలో వచ్చిన బదిలీని కొన్ని నెలలు వాయిదా వేయమని అడగడానికి మాత్రం బాగా పనికొస్తుంది.

స్పౌజ్ కేసు అంటే ఇద్దరూ ప్రభుత్వోద్యోగులే అయి ఉండాలా?

సాధారణంగా రాష్ట్ర ప్రభుత్వం, కేంద్ర ప్రభుత్వం, ప్రభుత్వ రంగ సంస్థలు, స్థానిక సంస్థలు, ఎయిడెడ్ విద్యాసంస్థలు స్పౌజ్ క్లాజు పరిధిలోకి వస్తాయి. ప్రైవేటు కంపెనీలో పనిచేసే భర్త లేదా భార్య లెక్కలోకి రారు. అన్యాయంగా అనిపిస్తుంది, హైటెక్ సిటీలో భర్త ఉద్యోగం చేస్తుంటే ఆదిలాబాద్‌లో భార్య ఒంటరిగా ఉండాల్సి రావడం చిన్న కష్టమేం కాదు. కానీ నిబంధన అదే.

కేంద్ర ఉద్యోగులకు ఆధారం సిబ్బంది, శిక్షణ విభాగం 2009 సెప్టెంబర్ 30న ఇచ్చిన ఆఫీస్ మెమొరాండం. అంతకుముందు 1986లో, 1997లో ఇచ్చిన సూచనల్ని అది గట్టిపరిచింది. ఇద్దరూ ఒకే సర్వీసులోనో ఒకే శాఖలోనో ఉండి పోస్టులు ఖాళీగా ఉంటే తప్పనిసరిగా ఒకే స్టేషన్‌లో వేయాలంటుంది. పిల్లలకు 18 ఏళ్లు వచ్చేదాకా వారి బాగోగులు చూసుకునే అవకాశం ఉండాలన్నది అందులో చెప్పిన ఉద్దేశం. 1997లో ఈ వయసు 10 ఏళ్లుగా ఉండేది. దరఖాస్తులో ఈ మెమొరాండం తేదీ రాయండి, పిల్లల పుట్టినతేదీ సర్టిఫికెట్లు జతచేయండి.

ప్రభుత్వ రంగ బ్యాంకుల్లో పనిచేసే మహిళలకు ఇంకో ఆధారం ఉంది. 2014 ఆగస్టులో కేంద్ర ఆర్థిక సేవల విభాగం బ్యాంకులకు రాసిన లేఖలో, వివాహిత ఉద్యోగినిని వీలైనంతవరకు భర్త ఉన్న చోట లేదా దగ్గర్లో, అవివాహితను తల్లిదండ్రులున్న చోట లేదా దగ్గర్లో వేయమని సూచించింది. ఇక్కడ భర్త ప్రభుత్వోద్యోగే అయి ఉండాలన్న షరతు లేదు.

ఐఏఎస్, ఐపీఎస్‌ల వ్యవహారం పూర్తిగా వేరు. ఒక అఖిల భారత సర్వీసు అధికారి మరో అఖిల భారత సర్వీసు అధికారిని పెళ్లి చేసుకుంటే కేడర్ మార్పు అడగవచ్చు, సొంత రాష్ట్రానికి మాత్రం కుదరదు.

ఇద్దరిలో ఎవరు దరఖాస్తు చేయాలి?

ఇద్దరూ చేయకూడదు. రాష్ట్ర జీఓలు ఒకరికే అవకాశం ఇస్తాయి, ఆ విషయం సర్వీస్ రిజిస్టర్‌లో నమోదు చేస్తారు. ఒకసారి స్పౌజ్ కింద వాడుకుంటే కొన్నేళ్లపాటు మళ్లీ ఇద్దరిలో ఎవరికీ ఆ వెసులుబాటు ఉండదు.

అందుకే ఇంట్లో కూర్చుని లెక్క వేసుకోండి. ఎవరి కేడర్‌లో ఖాళీలు ఎక్కువ? ఎవరు కదిలితే సీనియారిటీ పోదు? ఎవరికి ప్రమోషన్ దగ్గర్లో ఉంది? జూనియర్ అసిస్టెంట్ అయిన భార్య కదలడం తేలిక అనుకుంటారు చాలామంది. ఆమె శాఖలో అవతలి జిల్లా పోస్టులన్నీ నిండి ఉండి, భర్త శాఖలో మూడు ఖాళీలున్నా సరే, ‘ఆవిడే రావాలి’ అని పట్టుబట్టి రెండు బదిలీల సీజన్లు పోగొట్టుకున్న జంటల్ని చూశాను. ఉద్యోగం చేసే ఆడవాళ్లే సర్దుకోవాలన్న అలవాటు ఇక్కడా పనిచేస్తుంది మరి.

నాది ఒక జిల్లా, నా భార్యది ఇంకో జిల్లా. జిల్లా కేడర్ దాటి బదిలీ సాధ్యమేనా?

ఇక్కడే అందరికీ టెన్షన్. తెలుగు రాష్ట్రాల్లో ఉద్యోగాలు రాజ్యాంగం 371-డి అధికరణం కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం లోకల్ కేడర్లుగా విడిపోయి ఉంటాయి. ఉమ్మడి రాష్ట్రంలో 1975 ఉత్తర్వు. తెలంగాణలో దాని స్థానంలో 2018 ఉత్తర్వు వచ్చి, ఆ తర్వాతి సవరణలతో కలిపి 33 జిల్లాలు, 7 జోన్లు, 2 మల్టీజోన్లు అయ్యాయి. మీ పోస్టు జిల్లా కేడర్‌దైతే మామూలు బదిలీ ఆ జిల్లా లోపలే. జోనల్ పోస్టైతే జోన్ లోపల.

తెలంగాణలో 2021 డిసెంబర్ 6న వచ్చిన జీఓ 317 ప్రకారం ఉద్యోగుల్ని కొత్త జిల్లాలకు, జోన్లకు కేటాయించారు. కేటాయింపులో సీనియారిటీదే ముఖ్యపాత్ర కావడంతో వేలాది జంటలు, ముఖ్యంగా టీచర్లు, వేర్వేరు జిల్లాల పాలయ్యారు. ‘317 బాధితులు’ అన్న మాట అప్పుడే పుట్టింది. ఆ తర్వాత స్పౌజ్, మెడికల్, మ్యూచువల్ (ఇద్దరు పరస్పరం చోటు మార్చుకోవడం) కారణాలతో అప్పీళ్లు, ప్రత్యేక ఉత్తర్వులు విడతలు విడతలుగా వచ్చాయి. మీది ఆ కోవలోని కేసైతే మామూలు బదిలీ దరఖాస్తులో కలిపేయకండి. ఆ ప్రత్యేక ఉత్తర్వుల కిందే, గతంలో పెట్టిన అప్పీలు నంబరు వేసి రాయండి.

కేడర్ దాటి వెళ్లడం మామూలుగా మినహాయింపు కిందకు వస్తుంది, ప్రభుత్వ స్థాయిలో తేలాలి. జిల్లా అధికారి చేతిలో ఉండదు. ఆయన చుట్టూ తిరిగి ప్రయోజనం లేదు. ఆయన నుంచి కావాల్సిందల్లా ఫైలును మంచి రిమార్కులతో పైకి పంపడమే.

ఒకరు ఆంధ్రలో, ఒకరు తెలంగాణలో ఉంటే?

రెండు ప్రభుత్వాలూ ఒప్పుకోవాలి. వదిలే రాష్ట్రం ఎన్ఓసీ (అభ్యంతరం లేదన్న పత్రం) ఇవ్వాలి, తీసుకునే రాష్ట్రం పోస్టు చూపించాలి. ఇలా వెళ్లినవారు కొత్త చోట సీనియారిటీలో చివరికి వెళ్తారు. రెండు వైపులా ఫైలు కదలాలి కాబట్టి నెలలు కాదు, ఏళ్లు పట్టినా ఆశ్చర్యపోకండి. ఎదురుగా మ్యూచువల్‌కు మనిషి దొరికితే కొంత తేలిక.

మ్యూచువల్ బదిలీ ఎలా జరుగుతుంది?

ఒకే కేటగిరీ, ఒకే సబ్జెక్టు లేదా ఒకే హోదా ఉన్న ఇద్దరు పరస్పరం చోటు మార్చుకోవడం. ఖాళీతో పనిలేదు, అదే దీని బలం. ఇద్దరూ సంతకాలు చేసిన ఉమ్మడి దరఖాస్తు, ఇద్దరి అధికారుల సమ్మతి ఉండాలి. 1975 రాష్ట్రపతి ఉత్తర్వులోనే లోకల్ కేడర్ల మధ్య పరస్పర బదిలీకి వీలుంది, అయితే కొత్త కేడర్‌లో సీనియారిటీ బదిలీ అయిన తేదీ నుంచే లెక్క. పదిహేనేళ్ల సర్వీసు ఉన్నవారు ఈ ఒక్క వాక్యం దగ్గర ఆగి ఆలోచించాలి.

అవతలివారు ఎవరో ముందుగా బాగా తెలుసుకోండి. శాఖాపరమైన విచారణ పెండింగ్‌లో ఉంటే ఫైలు అక్కడే ఆగుతుంది. మరికొన్ని నెలల్లో రిటైరయ్యేవారితో మ్యూచువల్‌ను చాలా జీఓలు ఒప్పుకోవు. ఇంకొకటి: మ్యూచువల్‌కు డబ్బులడిగేవారు ఉన్నారు, ‘మీ ఊరికి డిమాండ్ ఎక్కువండీ’ అంటూ మొదలుపెడతారు. అది వ్యాపారం, అందులో దిగకండి.

అమ్మానాన్నల అనారోగ్యం మీద బదిలీ వస్తుందా?

జీఓలోని మాటల్ని బట్టి. కొన్ని ఉత్తర్వులు ఉద్యోగి, భార్య లేదా భర్త, ఆధారపడిన పిల్లల దగ్గరే ఆగిపోతాయి. 2018లో తెలంగాణ ఇచ్చినట్టు కొన్ని ఉత్తర్వులు ఆధారపడిన తల్లిదండ్రుల్నీ చేర్చాయి. ‘ఆధారపడిన’ అన్నది ముఖ్యం. నాన్నగారికి పెన్షన్ వస్తుంటే, హెల్త్ కార్డులో మీ కింద పేరు లేకపోతే, ప్రశ్న వస్తుంది.

జబ్బు పేరు కూడా జాబితాలో ఉండాలి. బీపీ, షుగర్, మోకాళ్ల నొప్పులు ఎంత తీవ్రంగా ఉన్నా వీటి మీద ప్రాధాన్యం రాదు. పక్షవాతం, పార్కిన్సన్స్, తరచూ డయాలసిస్ లాంటివి జాబితాలో లేకపోయినా, హెచ్‌ఓడీ (శాఖాధిపతి) లేదా ప్రభుత్వం ప్రత్యేకంగా పరిశీలించవచ్చు, అందుకు గట్టి కాగితాలు కావాలి.

ప్రైవేటు ఆసుపత్రి లెటర్‌హెడ్ మీద ‘రోగికి కుటుంబ సభ్యుల తోడు అవసరం’ అని రాయించుకొస్తారు చాలామంది. అది ఫైలులో పడుకుంటుంది. చెల్లేది మెడికల్ బోర్డు లేదా జీఓలో చెప్పిన ప్రభుత్వ వైద్యాధికారి ఇచ్చిన సర్టిఫికెట్. అందులో జబ్బు పేరు, మొదలైన తేదీ, ఇప్పుడు జరుగుతున్న చికిత్స, అది ఎంతకాలం సాగాలి, ఎలాంటి ఆసుపత్రిలో సాగాలి అన్నవి ఉండాలి. బోర్డు ముందుకు వెళ్లడానికి అపాయింట్‌మెంట్ దొరకడానికే రోజులు పడుతుంది. జీఓ వచ్చాక మొదలుపెడితే గడువు దాటిపోతుంది. వేసవికి ముందే తీసుకుని పెట్టుకోండి, అయితే కొన్ని జీఓలు తాజా సర్టిఫికెట్ అడుగుతాయి కాబట్టి మరీ పాతది పనికిరాదు.

మా బాబుకు ఆటిజం. నన్ను దూరం వేయకుండా ఆపగలరా?

కేంద్ర ఉద్యోగులైతే మీకు గట్టి ఆధారమే ఉంది. 2014 జూన్‌లో మొదలై, విస్తరిస్తూ వచ్చి, 2018 అక్టోబర్ 8న సమగ్రంగా వచ్చిన మెమొరాండం ప్రకారం, వైకల్యం ఉన్న కొడుకు, కూతురు, తల్లిదండ్రులు, భార్య లేదా భర్త, అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లను చూసుకునే ఉద్యోగిని రొటీన్ బదిలీల నుంచి మినహాయించవచ్చు. పిల్లవాడికి అలవాటైన థెరపిస్టు, స్కూలు, పరిసరాలు ఒక్కసారిగా మారితే పునరావాసం వెనక్కి పోతుందన్న వివేచనతో ఇచ్చిన ఆదేశం ఇది. బదిలీల కాగితాల్లో ఇంత మనసుపెట్టి రాసినవి తక్కువ. ‘పరిపాలనా అవసరాలకు లోబడి’ అన్న మాట మాత్రం అందులోనూ ఉంది.

2016 వికలాంగుల హక్కుల చట్టం 21 రకాల వైకల్యాల్ని గుర్తిస్తుంది, ఆటిజం అందులో ఉంది. వైకల్యం 40 శాతం, ఆపైన ఉన్నట్టు సర్టిఫికెట్ కావాలి. యూడీఐడీ కార్డు (వైకల్యం ఉన్నవారికిచ్చే గుర్తింపు కార్డు) తీసుకోండి. ఆటిజం శాతం నిర్ధారణకు తిప్పుతారు, ఓపిక పట్టాలి.

రాష్ట్ర ఉద్యోగులు ఈ కేంద్ర మెమొరాండాన్ని నేరుగా అడ్డంపెట్టుకోలేరు. కానీ రాష్ట్ర జీఓల్లో మానసిక వైకల్యం ఉన్న పిల్లల తల్లిదండ్రుల్ని వైద్య సౌకర్యాలున్న చోటికి వేయాలన్న క్లాజు చాలాకాలంగా ఉంది. దాని కింద అడగండి, కేంద్ర మెమొరాండాన్ని మద్దతుగా చూపండి. ఉద్యోగికే వైకల్యం ఉంటే, అదే 2016 చట్టంలోని 20(5) సెక్షన్ పోస్టింగులు, బదిలీలపై విధానం చేసుకునే వీలు ప్రభుత్వాలకు ఇస్తుంది.

దరఖాస్తు ఎలా రాయాలి?

ఒక పేజీ. రెండో పేజీకి పోతే ఎవరూ చదవరు.

మొదటి పేరాలో మీరెవరు, ఏ హోదా, ఇప్పుడున్న చోట ఎప్పటినుంచి, మీ ఐడీ నంబరు. రెండో పేరాలో కష్టం, తేదీలతో. మూడో దాంట్లో ఏ జీఓ, ఏ పేరా కింద అడుగుతున్నారు. నాలుగో దాంట్లో ఏ ఖాళీ కావాలి. ఆ నాలుగోదే చాలామంది వదిలేస్తారు. ‘దయచేసి దగ్గర్లో ఎక్కడికైనా’ అని రాస్తే ఖాళీ వెతికే పని సెక్షన్ మీద పడుతుంది, వాళ్లకు అంత తీరిక ఉండదు. ఖాళీగా ఉన్న మూడు చోట్లు ప్రాధాన్యక్రమంలో రాయండి. ఎవరు రిటైరవడంతో ఆ పోస్టు ఖాళీ అయిందో కూడా రాయగలిగితే మరీ మంచిది.

కష్టం గురించి రాసే పేరా ఇలా ఉంటే చాలు:

‘నా భార్యకు గత ఏడాది నవంబర్‌లో రొమ్ము క్యాన్సర్ శస్త్రచికిత్స జరిగింది. ప్రస్తుతం విశాఖపట్నంలో కీమోథెరపీ జరుగుతోంది. 21 రోజులకొకసారి ఆసుపత్రిలో చేర్చాలి. నేను పనిచేస్తున్న అరకులోయ నుంచి అక్కడికి వంద కిలోమీటర్లకు పైనే. ఇంట్లో ఆమెతోపాటు ఉన్నది ఆరేళ్ల పాప ఒక్కతే. గత ఆరు నెలల్లో ఈ కారణంగా నేను వాడిన సెలవుల వివరాలు, మెడికల్ బోర్డు సర్టిఫికెట్ జతచేశాను.’

ఇందులో ఏడుపు లేదు, బతిమాలడం లేదు. చదివే అధికారికి ఉద్యోగి పరిస్థితితోపాటు ఆఫీసుకు జరుగుతున్న నష్టం కూడా కనిపిస్తుంది. వాడిన సెలవుల లెక్క పెట్టడం వల్ల కాగితం బరువు పెరుగుతుంది. ‘ఆత్మహత్యే శరణ్యం’ లాంటి మాటలు ఎప్పుడూ రాయకండి. నిజంగానే అలాంటి ఆలోచనలు వస్తుంటే అది దరఖాస్తులో రాసి ఊరుకునే విషయం కాదు, వెంటనే ఇంట్లోవాళ్లతో, డాక్టరుతో మాట్లాడాలి. మానసిక ఆరోగ్య సహాయం కోసం ఉన్న టెలిమానస్ 14416కు ఫోన్ చేస్తే తెలుగులోనే మాట్లాడతారు.

త్రూ ప్రాపర్ ఛానెల్ పంపితే మా ఆఫీసులోనే ఆగిపోతోంది. ఏం చేయాలి?

ఇన్‌వార్డ్ నంబరు, తేదీ లేకుండా కాగితం ఇవ్వకండి. ఈ-ఆఫీస్ ఉన్న చోట ఫైలు నంబరు అడిగి తీసుకోండి. అడ్వాన్స్ కాపీ పై అధికారికి పంపవచ్చు, దాని మీద అడ్వాన్స్ కాపీ అని స్పష్టంగా రాసి. పదిహేను రోజులయ్యాక మర్యాదగా ఒక రిమైండర్. మీ సెక్షన్ అధికారితో తగవు పెట్టుకుంటే మీ కాగితం ఎప్పుడూ ‘పుటప్’ కాదు, అంటే పై అధికారి ముందుకు వెళ్లదు, ఇది లోకజ్ఞానం.

ఎమ్మెల్యే గారి లెటర్ జతచేయొచ్చా?

కేంద్ర సివిల్ సర్వీసుల ప్రవర్తనా నియమావళి 20వ నియమం ప్రకారం సర్వీసు విషయాల్లో రాజకీయ లేదా బయటి ఒత్తిడి తేవడం తప్పు. రాష్ట్ర నియమావళి కూడా అదే చెబుతుంది. అయినా బదిలీల సీజన్లో సచివాలయం కారిడార్లలో లెటర్లు ఎన్ని తిరుగుతాయో అందరికీ తెలుసు. నా అభిప్రాయం ఒక్కటే. మీ కేసు జీఓలోని క్లాజుకు సరిపోతుంటే ఆ లెటర్ దరఖాస్తుకు జతచేసి మీ మీదే ఆధారం సృష్టించుకోకండి. ఉద్యోగ సంఘం ద్వారా వెళ్లడం తప్పు కాదు, గుర్తింపు పొందిన సంఘాలు ఇలాంటి కేసులు తీసుకెళ్లడం మామూలే.

బదిలీలపై నిషేధం ఉన్నప్పుడు అడగొచ్చా?

రెండు రాష్ట్రాల్లోనూ ఏడాది పొడవునా నిషేధమే, మధ్యలో కొన్ని వారాలు సడలిస్తారు. తెలంగాణలో 2024 జులైలో, ఆంధ్రప్రదేశ్‌లో 2025 మే నెలలో అలా సడలించారు. నిషేధం ఉన్నప్పుడు కూడా ముఖ్యమంత్రి ఆమోదంతో ప్రత్యేక కేసులు జరుగుతాయి. అవి నిజంగా ప్రాణం మీదికి వచ్చిన కేసులై ఉండాలి.

టీచర్లకు ఇదంతా వర్తిస్తుందా?

టీచర్లది పాయింట్ల లోకం. సర్వీసుకు, స్టేషన్ కేటగిరీకి, స్పౌజ్‌కు పాయింట్లు, ఆ తర్వాత వెబ్ ఆప్షన్లు. ప్రాధాన్య వర్గాలవారు సీనియారిటీ జాబితాలో ముందుకు వస్తారు. మామూలుగా టీచరుకు ఒకే బడిలో 8 ఏళ్లు, ప్రధానోపాధ్యాయులకు 5 ఏళ్లు గరిష్ఠం. ఆంధ్రప్రదేశ్‌లో 2025 నుంచి టీచర్ల బదిలీలకు ప్రత్యేక చట్టమే ఉంది.

ఇక్కడ అర్జీ భాష కన్నా ఆప్షన్ల క్రమం ముఖ్యం. స్పౌజ్ పాయింట్లు తీసుకుని, భార్య లేదా భర్త పనిచేసే చోటికి దూరంగా ఉన్న మంచి స్కూలు పెట్టుకుంటే తర్వాత ఫిర్యాదులు వస్తాయి. తప్పుడు మెడికల్ సర్టిఫికెట్లు పెట్టి ప్రాధాన్యం పొందినవారి మీద విచారణలు నడిచాయి, క్యాన్సర్‌తో నిజంగా బాధపడుతున్న టీచరును ఆ కారణంగా మళ్లీ బోర్డుకు పంపిన సందర్భాలూ ఉన్నాయి. ఎవరి పాపమో ఎవరికో చుట్టుకుంటుంది.

రైల్వే, పోస్టల్ వాళ్లకు?

పోస్టల్‌లో అందరూ ‘రూల్ 38’ అంటారు. సొంత కోరికపై వేరే డివిజన్‌కో సర్కిల్‌కో వెళ్లే దారి అది, సీనియారిటీ అడుగుకు పోతుంది. రైల్వేలోనూ అంతే, సొంత కోరికపై వేరే యూనిట్‌కు వెళ్తే ఆ గ్రేడ్‌లో అప్పటికే ఉన్నవారందరి కింద మీ పేరు. మ్యూచువల్ అయితే మీ సీనియారిటీ, ఎదుటివారి సీనియారిటీ, ఈ రెండింట్లో తక్కువదే దక్కుతుంది.

కోరుకున్న బదిలీ వల్ల డబ్బు నష్టం ఎంత?

రిక్వెస్ట్ బదిలీకి టీఏ (ప్రయాణ భత్యం) రాదు. సామాన్ల లారీ ఖర్చు మీదే. కేంద్రంలో జాయినింగ్ టైమ్ (కొత్త చోట చేరడానికిచ్చే వ్యవధి) కూడా ప్రజాప్రయోజనం కోసం చేసిన బదిలీకే. హెచ్‌ఆర్‌ఏ (ఇంటి అద్దె భత్యం) మారుతుంది. కేంద్ర ఉద్యోగికి హైదరాబాద్‌లో మూలవేతనంపై 30 శాతం, విశాఖ, విజయవాడ, వరంగల్ లాంటి చోట్ల 20, చిన్న ఊళ్లలో 10. ఈ లెక్కలన్నీ ఒక ఎత్తు, సీనియారిటీ పోయి ప్రమోషన్ ఆలస్యం కావడం ఇంకో ఎత్తు. అది పెన్షన్ దాకా వెంటాడుతుంది.

ఆర్డరు వచ్చింది, రిలీవ్ చేయట్లేదు.

‘సబ్‌స్టిట్యూట్ వచ్చాకే’ అంటారు. ఆర్డరులో ఆ షరతు ఉందో లేదో చూడండి. లేకపోతే ఆర్డరు కాపీ జతచేసి రిలీవ్ చేయమని రాతపూర్వకంగా అడిగి, ఆర్డరిచ్చిన అధికారికి ప్రతి పంపండి. ఛార్జ్ అప్పగించే జాబితా ముందే సిద్ధం చేసుకోండి, క్యాష్‌బుక్, స్టోర్స్ చూసేవారు మరీనూ. ఎల్‌పీసీ (చివరి జీతం ధ్రువపత్రం), సర్వీస్ రిజిస్టర్ ఆలస్యమైతే కొత్త చోట జీతం ఆగుతుంది.

తిరస్కరించారు, లేదా జవాబే లేదు. కోర్టుకు వెళ్లాలా?

ముందు సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల ఫీజుతో దరఖాస్తు పెట్టండి. మీరు కోరిన చోట ఆ తేదీకి ఎన్ని పోస్టులు ఖాళీ, మీ దరఖాస్తు ఫైలులో నోట్‌షీట్ (అధికారులు తమ అభిప్రాయాలు రాసే కాగితం) కాపీ, అదే క్లాజు కింద ఎందరికి ఇచ్చారు అన్నవి అడగండి. 30 రోజుల్లో జవాబు రావాలి. ఇతరుల మెడికల్ రిపోర్టులు అడగకండి, ఇవ్వరు, అడగడం కూడా బాగోదు.

నోట్‌షీట్ చేతికొస్తే చాలాసార్లు అసలు కారణం బయటపడుతుంది. ఖాళీ లేక ఆపారా, క్లాజుకు సరిపోలేదన్నారా, కాగితం తక్కువైందా అన్నది తెలుస్తుంది. కాగితం తక్కువైందని ఆగితే కోర్టుతో పనేమిటి, అది జతచేసి మళ్లీ పెట్టండి.

నిజంగా కోర్టుకే వెళ్లాల్సి వస్తే, కేంద్ర ఉద్యోగులు హైదరాబాద్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. ఆర్డరు వచ్చిన ఏడాదిలోపు వేయాలి, ముందుగా శాఖలో అర్జీ పెట్టి ఉండాలి. అర్జీకి ఆరు నెలలు జవాబు లేకపోతే ఆ తర్వాత ఏడాది గడువు. రాష్ట్ర ఉద్యోగులకు పాత రాష్ట్ర ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు, హైకోర్టులో రిట్ వేయాలి. కోర్టు ఎక్కువగా ఇచ్చే ఊరట ‘అర్జీని ఇన్ని వారాల్లో పరిశీలించి కారణాలతో ఉత్తర్వు ఇవ్వండి’ అన్నది. అది గెలుపులా కనిపించదు గానీ, ఎక్కడో ఆగిన ఫైలును కదిలిస్తుంది.

బదిలీ వచ్చేలోగా ఎలా నెట్టుకురావాలి?

సెలవు. కేంద్రంలో మహిళలకు, ఒంటరి తండ్రులకు చైల్డ్ కేర్ లీవ్ మొత్తం సర్వీసులో 730 రోజులు, మొదటి 365 రోజులు పూర్తి జీతం, తర్వాత 80 శాతం. వైకల్యం ఉన్న పిల్లల విషయంలో పిల్లల వయసు పరిమితి లేదు. ఆంధ్రప్రదేశ్‌లో 2022 నుంచి 180 రోజులు, తెలంగాణలో 90. డిప్యుటేషన్, వర్క్ అడ్జస్ట్‌మెంట్ కూడా అడగవచ్చు. ఇవి తాత్కాలికమే అయినా, చికిత్స జరిగే ఆరు నెలలకు అవే సరిపోవచ్చు. శాశ్వత బదిలీ కోరి సీనియారిటీ వదులుకునే ముందు ఈ దారి చూశారా అని నేను ప్రతివారినీ అడుగుతాను.

భర్త వేధింపుల వల్ల ఊరు మారాలి. ఏ కారణం రాయాలి?

ఈ పరిస్థితికి చాలా జీఓల్లో విడిగా క్లాజు ఉండదు. గృహహింస కేసు కాగితాలు, కోర్టు రక్షణ ఉత్తర్వు ఉంటే జతచేసి, నేరుగా హెచ్‌ఓడీకి సీల్డ్ కవరులో పంపండి. ఆఫీసులో అందరి చేతులూ మారాల్సిన విషయం కాదది. లైంగికంగా వేధించేది ఆఫీసులోనివారైతే, పనిచేసే చోట మహిళలపై లైంగిక వేధింపుల నివారణకు వచ్చిన 2013 చట్టంలోని 12వ సెక్షన్ ఉంది. విచారణ జరుగుతుండగా మీ రాతపూర్వక కోరికపై మిమ్మల్ని గానీ ఎదుటివారిని గానీ బదిలీ చేయమని, లేదా మీకు మూడు నెలల వరకు సెలవు ఇవ్వమని కమిటీ సిఫారసు చేయవచ్చు. ఎదుటివారిని కదపమనే అడగండి, మీరెందుకు కదలాలి?

ఇంత ఇస్తే పని అయిపోతుందని ఒకరు అంటున్నారు.

అవినీతి నిరోధక చట్టానికి వచ్చిన 2018 సవరణ తర్వాత లంచం ఇవ్వడమూ నేరమే. బలవంతంగా ఇవ్వాల్సి వస్తే ఏడు రోజుల్లోపు ఫిర్యాదు చేస్తే రక్షణ ఉంటుంది. తెలంగాణ ఏసీబీ నంబరు 1064. డబ్బు తీసుకుని ‘లిస్టులో మీ పేరుంది’ అని చెప్పేవారిలో చాలామందికి ఆ లిస్టుతో సంబంధమే ఉండదు. వస్తే తమ గొప్ప, రాకపోతే ‘ఈసారి పైనుంచి ఒత్తిడి ఎక్కువ’.

బదిలీ అయ్యాక కారణం తొలగిపోతే తిరిగి పంపుతారా?

మామూలుగా పంపరు. చికిత్స ముగిసినా, స్పౌజ్ వేరే ఊరికి మారినా, మీ ఆర్డరు అలాగే ఉంటుంది. విడాకులైతే తర్వాతి సీజన్లో స్పౌజ్ కేసుగా చూపకూడదు, అంతే. కొత్త ఆఫీసులో చేరిన వారంలోపే సర్వీస్ రిజిస్టర్‌లో బదిలీ ఏ క్లాజు కింద జరిగిందో సరిగా నమోదైందా అని స్వయంగా చూసుకోండి. ఆ ఎంట్రీ తప్పుగా పడితే, మీరు వాడని వెసులుబాటు వాడినట్టు లెక్కలోకి వచ్చి, మళ్లీ అవసరమైనప్పుడు అడ్డొస్తుంది.